తాడు విసిరితే గురి తప్పదు, డైలాగంటే నోరు పెగలదు

ప్రశ్న

అమెరికాలోని ఒక్లహోమా రాష్ట్రం, ఒసేజ్ కౌంటీ నుంచి ఒక పాఠకుడు రాసిన పొడుగాటి ఉత్తరం సారాంశం ఇది. వయసు 31. సొంతూరు ప్రకాశం జిల్లాలో. ఇంట్లో ఒంగోలు ఎడ్లు ఉండేవి. నాన్నగారు బండలాగుడు పోటీలకు జతను తీసుకెళ్లేవారు. ఈయన తిరుపతిలో పశువైద్యం చదివి, స్టిల్‌వాటర్‌లో మాస్టర్స్ చేసి, ఒక ర్యాంచ్‌లో ఉద్యోగంలో చేరారు. ఇప్పుడు ఆవుల మంద బాధ్యతంతా ఆయనదే. గుర్రం ఎక్కడం, తాడు విసరడం పనిలోనే తోటి కౌబాయ్‌ల దగ్గర నేర్చుకున్నారు. శని, ఆదివారాల్లో చుట్టుపక్కల రోడియోలకు (కౌబాయ్‌ల ఆటపోటీలకు) వెళ్లి టీమ్ రోపింగ్ చేస్తారు. ఒకరు కోడె కొమ్ములకు తాడు వేస్తే, వెనకనుంచి వచ్చి రెండు కాళ్లకూ ఉచ్చు వేసే హీలర్ పని ఈయనది. ఈమధ్యే గ్రీన్ కార్డు వచ్చింది. భార్య తల్సాలో నర్సు.

నిరుడు ఆ దగ్గర్లో ఒక కౌబాయ్ సిరీస్ షూటింగ్ జరిగింది. గుర్రాలు, ఆవులు కావాలని వచ్చినవాళ్లు వాటిని చూసుకోవడానికి ఈయన్ని కూడా పెట్టుకున్నారు. ఒకరోజు ఆవు ఈనే సీను. తొలిచూలు పెయ్య, ఈత కష్టమైంది. దూడను బయటికి లాగాల్సిన నటుడికి చేతులు ఆడలేదు. ఈయనే లాగారు, కెమెరా తిరుగుతూనే ఉంది. దూడ ఊపిరి తీసుకోలేదు. తలకిందులుగా వేలాడదీసి వీపు మీద చరచమని అవతల నుంచి ఎవరో అరిచారు. ఈయన పట్టించుకోకుండా ఒక గడ్డిపరక తీసి దూడ ముక్కులో పెట్టి తిప్పారు. దూడ తుమ్మింది, తల విదిలించింది. డైరెక్టరుకు అది ఎంత నచ్చిందంటే, రెండో సీజన్‌లో ఈయన కోసం ‘రాజ్’ అనే పాత్ర రాయించారు. సీజన్ పొడుగునా ఉండే పాత్ర, డైలాగులున్నాయి.

ఇక కష్టాలు. ట్రయల్ షూట్‌లో డైలాగ్ చెప్పబోతే కొయ్యబొమ్మలా బిగుసుకుపోయారు. “నువ్వు నీలాగే ఉండు, చాలు” అని డైరెక్టర్ అంటున్నారు. అదే చేతకావడం లేదట. ఒక ఎపిసోడ్‌లో రాజ్ పందెం కాసి ఆబోతు ఎక్కాలి, అది డూప్ లేకుండా చేస్తే బాగుంటుందని అడుగుతున్నారు. షూటింగ్ మార్చిలో మొదలు. అది ఆవులు ఈనే కాలం, అప్పుడు సెలవంటే ఉద్యోగం మర్చిపొమ్మని ర్యాంచ్ ఓనరు చెప్పేశారు. తోటి రోపర్లు ‘హాలీవుడ్’ అని పిలవడం మొదలుపెట్టారు. స్క్రిప్టులో రాజ్ గొడ్డుమాంసం తినడు కాబట్టి మిగతావాళ్లు ప్రతిసారీ వాడి ప్లేటులో స్టేక్ పెట్టి నవ్వుతారు. అన్నిటికీ మించి, “డాక్టరు చదివి వేషాలెయ్యడానికా అంత దూరం పోయింది?” అని నాన్నగారు ఫోన్ పెట్టేశారు. ఉత్తరం చివర్లో, వేరే సంగతేదో చెబుతున్నట్టు ఒక మాట రాశారు: “ఊళ్లో అందరికీ నేను డెయిరీలో డాక్టర్నని చెప్పాం. నిజానికి మావి పాల ఆవులు కావు, మాంసానికి పెంచేవి. నాన్నకు తెలుసు. అమ్మకు తెలీదు.”

చెయ్యమంటారా, మానమంటారా అన్నది ఆయన ప్రశ్న.

జవాబు

మీరు అడిగింది ఒక్క ప్రశ్నే గానీ, ఉత్తరంలో ఉన్నవి నాలుగైదు. వాటిలో కొన్ని మీరు ఈ వేషం వేసినా వెయ్యకపోయినా అలాగే ఉంటాయి. కొన్ని ఒక్క ఫోన్ కాల్‌తో తీరిపోతాయి. అన్నీ కలిపి ముద్ద చేసుకుని టెన్షన్ పడుతున్నారు కాబట్టి ముందు విడదీద్దాం.

సులువైన దానితో మొదలుపెడతాను. ఆబోతు ఎక్కకండి. మిగతా విషయాల్లో ఇలాగూ చేయొచ్చు, అలాగూ చేయొచ్చు అంటాను గానీ, దీంట్లో అనలేను. మీరు రోపర్. రోడియో అంటే ఏమిటో తెలియనివాళ్లకు అంతా ఒకటే అనిపిస్తుంది. మీకు తెలుసు కదా, మీ పని గుర్రం మీద, చేతిలో తాడుతో. బుల్ రైడింగ్ పూర్తిగా వేరే విద్య. ఒక్క చేత్తో తాడు పట్టుకుని 8 సెకన్లు నిలవాలి, రెండో చెయ్యి దేనికీ తగలకూడదు. వంద మార్కుల్లో సగం ఆబోతు ఎంత బాగా ఎగిరిందన్నదానికే ఇస్తారు. అంటే మిమ్మల్ని పడెయ్యడంలో ఆరితేరిన జంతువునే తెచ్చి మీ కింద పెడతారన్నమాట. ఆరేడు వందల కిలోల బరువుంటుంది. లేన్ ఫ్రాస్ట్ 1987లో ప్రపంచ ఛాంపియన్. 1989లో వయోమింగ్ రాష్ట్రంలోని షయాన్ రోడియోలో 8 సెకన్లూ పూర్తి చేసి దిగిన తర్వాత ఆబోతు వెనకనుంచి కుమ్మితే పాతికేళ్ల వయసులో చనిపోయాడు. ఇప్పుడు బుల్ రైడర్లు వేసుకునే రక్షణ కోటును ఆయన స్నేహితుడు కోడీ లాంబర్ట్ ఆ తర్వాతే తయారుచేశాడు. ఛాంపియన్‌కే దిక్కులేని చోట, సీజన్‌లో ఒక ఎపిసోడ్ కోసం మీరెందుకు?

పైగా అవసరం కూడా లేదు. దూరం నుంచి తీసే షాట్‌లో అసలు బుల్ రైడర్ డూప్‌గా ఉంటాడు. దగ్గరి షాట్లలో మిమ్మల్ని యంత్రపు ఆబోతు మీద కూర్చోబెట్టి తీస్తారు. దశాబ్దాలుగా నడుస్తున్న పద్ధతే ఇది. నటుడి సమ్మతి లేకుండా స్టంట్ చేయించడం అక్కడి నటుల యూనియన్ నిబంధనలకు విరుద్ధం. “చేస్తే బాగుంటుంది” అని అడుగుతున్నారంటే మీరు కాదనొచ్చని వాళ్లకూ తెలుసు. అగ్రిమెంట్‌లో ‘బుల్ రైడింగ్ డూప్‌తో’ అని స్పష్టంగా రాయించుకోండి. ఫలానా పని నా వల్ల అవుతుంది, ఫలానాది కాదు అని చెప్పేవాణ్ని స్టంట్ కోఆర్డినేటర్లు గౌరవిస్తారు. వాళ్లు భయపడేది అన్నీ వచ్చంటూ ముందుకొచ్చేవాడితోనే.

అన్నట్టు, రోడియో ఆబోతుల్లో చాలావాటికి మూపురం, గంగడోలు ఎక్కడివి? వాటిలో ఉన్న అమెరికన్ బ్రాహ్మన్ జాతి రక్తం వల్ల వచ్చినవే. ఆ జాతి మన దేశం నుంచి వెళ్లిన పశువుల నుంచి తయారైందే. దాంట్లో గిర్, గుజరాతీ జాతులతో పాటు, అక్కడ నెల్లూరు అని పిలిచే మన ఒంగోలు రక్తమూ ఉంది. మీ నాన్నగారి జతకు దూరపు చుట్టం మీద మిమ్మల్ని ఎక్కమంటున్నారు. ఈ సంగతి ఆయనకు చెబితే ఫోన్ పెట్టేసిన మనిషి కూడా కాసేపు వింటారేమో.

ఇక కెమెరా ముందు బిగుసుకుపోవడం. దూడ సీనులో “నేను నటించలేదు, నా పని నేను చేసుకున్నాను” అని రాశారు. నేను ఒప్పుకోను. లైట్లు ఉన్నాయి, ముప్పై మంది చూస్తున్నారు, ఎవరో అరుస్తున్నారు. అవన్నీ తెలిసీ మీ ధ్యాస దూడ ముక్కు మీదే నిలిచింది. నటన నేర్పేవాళ్లు నెలల తరబడి నేర్పడానికి తంటాలుపడేది దీన్నే. మీకు జంతువుతో అది అప్పనంగా వచ్చింది. మనుషులతో ఇంకా రాలేదు, అంతే.

“నువ్వు నీలాగే ఉండు” అన్న సలహా వినడానికి బాగుంటుంది గానీ పనికిరాదు. మీ కౌంటీవాడే ఒకాయన ఉన్నాడు, బెన్ జాన్సన్. మీకు చెప్పక్కర్లేదు, పాహస్కాలో ఆయన పేరున మ్యూజియమే ఉంది. 1918లో ఫోరేకర్‌లో పుట్టాడు. ర్యాంచ్‌లో రోజుకో డాలరు జీతం. 1940 ప్రాంతంలో ఒక సినిమా కోసం నిర్మాత హోవర్డ్ హ్యూస్ కొన్న గుర్రాలను కాలిఫోర్నియాకు తోలుకెళ్లి, అక్కడ చేతికందిన 300 డాలర్ల చెక్కు చూసి వెనక్కి రాలేదు. నాకంటే మంచి నటులు ఊరినిండా ఉన్నారు గానీ, బెన్ జాన్సన్‌గా నటించడం మాత్రం వాళ్లెవరికీ రాదు అనే ధోరణిలో చెప్పుకునేవాడు. ఈ మాటే పట్టుకుని అందరూ ‘సహజ నటుడు’ అంటారు. అసలు జరిగింది చూడండి. ఏళ్లకేళ్లు గుర్రాలు చూసుకున్నాడు, పెద్ద హీరోలకు డూప్‌గా పడ్డాడు. 1948 సినిమా షూటింగ్‌లో గుర్రాలు బెదిరి బండిని ఈడ్చుకుపోతుంటే ఆపి మనుషుల్ని కాపాడాడు. దాంతో దర్శకుడు జాన్ ఫోర్డ్ దృష్టిలో పడి కాంట్రాక్టు సంపాదించాడు. 1971లో వచ్చిన ‘ద లాస్ట్ పిక్చర్ షో’తో సహాయ నటుడిగా ఆస్కార్ వచ్చింది. గుర్రాలతో వెళ్లిన రోజు నుంచి లెక్కేస్తే దాదాపు ముప్పై ఏళ్లు. తనలా తాను ఉండటానికి ఆయనకు పట్టిన కాలం అది. మీకు ఒక్క ట్రయల్ షూట్‌లో రాలేదని బెంగపడితే ఎలా? రిచర్డ్ ఫార్న్స్‌వర్త్ అయితే 1937 నుంచి గుర్రాల మీద స్టంట్లు చేస్తూ, నలభై ఏళ్ల తర్వాత గానీ మాటలున్న మంచి పాత్ర చూడలేదు. ఆ పాత్రకే ఆస్కార్ నామినేషన్ వచ్చింది.

మీకు ముప్పై ఏళ్లు టైం ఇవ్వరు, నిజమే. ఈ కొద్ది నెలల్లో చెయ్యగలిగినవి చెబుతాను.

డైలాగ్ ఉన్న ప్రతి సీనులోనూ చేతులకు ఏదో ఒక పని ఇమ్మని అడగండి. జీను పట్టీ బిగించడం, గిట్టలో ఇరుక్కున్న రాయి తియ్యడం, తాడు చుట్ట చుట్టడం. నటించే పని కాదు, నిజంగా చెయ్యాల్సిన పని. చేతులు పనిలో ఉంటే మాట దానంతటదే మామూలు గొంతులో వస్తుంది. ‘ఎల్లోస్టోన్’ సిరీస్‌లో నటులను షూటింగ్‌కు ముందు గుర్రాల మీద ఎక్కించి కౌబాయ్ క్యాంపులు పెట్టింది ఈ చేతులు రావడం కోసమే. దాంట్లోనే లాయిడ్ వేషం వేసిన ఫారీ జె. స్మిత్ రోడియో నుంచి వచ్చినవాడు. గుర్రం పక్కన ఊరికే నిలబడినా తేడా తెలిసిపోతుంది. మన సినిమాల్లో నాగలి పట్టిన హీరోను చూసి రైతులు ఎందుకు నవ్వుకుంటారో మీకు తెలుసు. అక్కడి ప్రేక్షకుల్లోనూ అలాంటి రైతులున్నారు.

కానీ చేతుల వెనక దాక్కోవడం అలవాటైతే ప్రమాదం. ఎప్పుడో ఒకప్పుడు చేతుల్లో ఏమీ లేకుండా ఎదుటి నటుడి కళ్లలోకి చూస్తూ మాట్లాడాల్సి వస్తుంది. అక్కడ మీకు పనికొచ్చేది రోపింగ్ కాదు, మందలో నడక. ఆవు దగ్గరికి వెళ్లేటప్పుడు మీరేం చేస్తారు? దాని చెవి ఎటు తిరిగింది, బరువు ఏ కాలి మీద ఉంది, ఇంకొక్క అడుగు వేస్తే కదులుతుందా, ఆగుతుందా అని చూస్తారు. అది కదిలాకే మీ తర్వాతి అడుగు. ఎదుటి నటుణ్ని కూడా అలాగే చూడండి. మీ డైలాగ్ ఎప్పుడొస్తుందా అని కాచుకోకండి. వాళ్లలో ఏదో కదిలాక మాట్లాడండి. ఇంట్లో మీ ఆవిడతో డైలాగులు చదువుకునేటప్పుడు ముందు తెలుగులో మీ సొంత మాటల్లో చెప్పి చూడండి, తర్వాత ఇంగ్లిష్‌లోకి వెళ్లండి. ఇంగ్లిష్ రాక కాదు. రాజ్ ఆ మాట ఎందుకంటున్నాడో తెలుగులో అయితే మీకు వెంటనే తెలిసిపోతుంది. తల్సాలో చిన్నదో పెద్దదో నటన క్లాసు దొరికితే చేరండి. తాడు విసరడానికి ఎన్ని సాయంత్రాలు డమ్మీ కోడె చుట్టూ తిరిగారో గుర్తుంది కదా.

ఇంకో సంగతి కూడా అనుమానంగా ఉంది. మీరు బిగుసుకుపోయిన డైలాగ్ ఏది? ఉత్తరంలో మీరు రాసినదాన్ని బట్టి, అది స్టేక్ జోక్ ఉన్న సీను. బంకుహౌస్‌లో (కౌబాయ్‌లు ఉండే వసతిలో) మీ అసలు జీవితం వేరేలా ఉందని మీరే రాశారు. దూడలకు కాల్చి ముద్రలు వేసే రోజు అందరూ బీఫ్ తింటుంటే మీరు పక్కనే కూర్చుని బీన్స్, బంగాళాదుంపలు తింటారు. మొదటి నెల తర్వాత ఎవరూ దాని గురించి మాట్లాడలేదు. ఒక ముసలి కౌబాయ్ మాత్రం ఏమీ అనకుండా మీ బీన్స్ వేరే గిన్నెలో వండుతాడు. దీని ముందు ప్లేటులో స్టేక్ పెట్టి నవ్వే జోక్ ఏపాటి? నిజానికి దగ్గరగా ఉన్న సీను మీ దగ్గర ఉంది, అబద్ధపు సీను వాళ్ల స్క్రిప్టులో ఉంది. మీ నోరు పెగలకపోవడం చేతకానితనం కాకపోవచ్చు. ఆ మాట మీది కాదని మీ నాలుకకు ముందే తెలిసిందేమో.

అడగొచ్చా అంటే అడగొచ్చు. బెన్ జాన్సన్ ఆస్కార్ తెచ్చిన పాత్రనే మొదట వద్దన్నాడు. బూతులు ఎక్కువున్నాయని ఆయన అభ్యంతరం. చివరికి తన డైలాగుల్లోంచి వాటిని తీయించుకునే నటించాడు. ఆయన అప్పటికే పేరున్నవాడు, మీరు కొత్తవారు, ఆ తేడా ఉంది. కానీ సంతకం పెట్టకముందు మీ మాటకు ఉన్న విలువ పెట్టాక ఉండదు. రచయితలకు “ఈ జోక్ నాకు నచ్చలేదు” అని రాయకండి. “మా దగ్గర ఇలా జరుగుతుంది” అని ఆ బీన్స్ గిన్నె సంగతి రాయండి. వాళ్లు తీసుకోవచ్చు, తీసుకోకపోవచ్చు. ఒక్క జోక్ కూడా మార్చం అంటే, మీకు కావాల్సిన సమాచారం మీకు దొరికినట్టే.

ఇలాంటి పోరాటాలు ఎన్ని చెయ్యాలో కూడా చూసుకోవాలి. కేకలు పెడుతూ ఆవుల్ని దౌడు తీయించే సీను తీస్తున్నారని, నిజం ర్యాంచ్‌లో అలా చేస్తే కౌబాయ్‌ని పనిలోంచి తీసేస్తారని మీకు కోపం వచ్చింది. పరిగెత్తిన ప్రతి ఆవు దగ్గరా బరువు తగ్గుతుంది, బరువంటే డబ్బు. నిజమే. అయినా అది సినిమా, కాస్త దుమ్ము లేవాలి. దాన్ని వదిలెయ్యండి. జంతువుకు దెబ్బ తగిలే పని అయితే మాత్రం వదలకండి. 1939 నాటి ఒక సినిమా కోసం గుర్రాన్ని కొండ మీదినుంచి దూకించి చంపిన తర్వాతే, సినిమా సెట్లలో జంతువుల మీద అమెరికన్ హ్యూమేన్ సంస్థ పర్యవేక్షణ మొదలైంది. సెట్‌లో వాళ్ల మనిషి ఉంటే పరిచయం చేసుకోండి. పశువైద్యుడి మాటకు అక్కడ బరువుంటుంది. ఇక మీ పనిని వెర్రిబాగులపనిలా చూపించే సీన్లకు ఎదురుచెప్పడం కంటే గడ్డిపరక లాంటిది ఒకటి చేసి చూపించడం మేలు. అరిచినాయన ఆ తర్వాత ఏమీ అనలేదని మీరే రాశారు.

ఉద్యోగం సంగతి మీ ఓనరు వైపు నుంచి కూడా చూడండి. మార్చి, ఏప్రిల్ నెలల్లో అర్ధరాత్రి లేచి పెయ్యల్ని చూసే మనిషి లేకపోతే దూడలు చచ్చిపోతాయి. కొత్త గడ్డి కోసం పచ్చిక బయళ్లు తగలబెట్టే పనీ అదే కాలంలో ఉంటుంది. ఆయన మొండితనం చేస్తున్నాడని నాకనిపించలేదు. మీ ముందు మూడు దారులు కనిపిస్తున్నాయి. ఒకటి, మీ బదులు ఆ నెలలకు మరో పశువైద్యుణ్నో, చివరి సంవత్సరం చదువుతున్న వెటర్నరీ విద్యార్థినో మీరే వెతికి, వాళ్ల జీతం మీరే ఇస్తానని చెప్పడం. సిరీస్ డబ్బులో కొంత పోతుంది గానీ తిరిగొచ్చే చోటు మిగులుతుంది. రెండోది, షూటింగ్‌లో మీ రోజులన్నీ మే నెల తర్వాత పెట్టమని నిర్మాణం వాళ్లను అడగడం. చిన్న పాత్రలకు కొన్నిసార్లు కుదురుతుంది. కుదరకపోతే పాత్ర తగ్గుతుంది. మూడోది, ఉద్యోగం వదిలెయ్యడం. ఇది చెయ్యకూడదని అనను, కానీ ఒక సంగతి తెలుసుకుని చెయ్యండి. మీ విలువంతా మీరు ర్యాంచ్ మనిషి కావడంలోనే ఉంది. ర్యాంచ్ వదిలి సినిమాకోసమే కూర్చుంటే, రెండేళ్లలో మీరు కూడా కౌబాయ్ టోపీ పెట్టుకున్న మరో నటుడే అవుతారు. బెన్ జాన్సన్ 1953లో సినిమాలకు సెలవిచ్చి రోడియోల వెంట తిరిగి టీమ్ రోపింగ్‌లో ప్రపంచ ఛాంపియన్ అయ్యాడు. ఇంటికి వచ్చేసరికి అరిగిపోయిన కారు, కోపంగా ఉన్న భార్య తప్ప ఏమీ మిగల్లేదట. మళ్లీ సినిమాల్లోకి వచ్చాడు. ఎటు వెళ్లినా రెండోవైపు తలుపు మూసెయ్యలేదని గమనించండి.

వేషం మాని, గుర్రాలు, ఆవుల వ్యవహారం చూసే సలహాదారుగా మాత్రమే ఉంటానని చెప్పే దారి కూడా ఉంది. నిలకడైన పనే, మొహం కనిపించదు, రోజువారీ డబ్బు వస్తుంది. కానీ మాటలున్న నటులకు ప్రతి పునఃప్రసారానికీ వచ్చే రాయల్టీ వాళ్లకు రాదు. ఇంకో పదేళ్లకు ‘ఆ వేషం వేసి ఉంటే’ అనుకునే రకమా మీరు, కాదా అన్నది మీకే తెలియాలి.

(హెచ్-1బి మీద ఉండి ఇది చదువుతున్న కుర్రాళ్లకు ఒక మాట. ఈయనకు గ్రీన్ కార్డు ఉంది కాబట్టి ఎవరి దగ్గరైనా పనిచెయ్యొచ్చు. మీరు మీ కంపెనీ జీతం తీసుకుంటూ, శనివారం షూటింగే కదా అని ఇంకొకరి దగ్గర డబ్బు తీసుకుంటే వీసాకే ఎసరు. లాయర్ని అడక్కుండా ముందుకెళ్లకండి.)

తోటి రోపర్ల ఎగతాళిని పట్టించుకోకండి. ఉచ్చు ఒక్క కాలికే పడి అయిదు సెకన్ల పెనాల్టీ వచ్చిన రోజు మాత్రం ‘హాలీవుడ్’ అని పిలుపు కాస్త గట్టిగా వినిపిస్తుంది. దానికి సిద్ధంగా ఉండండి.

చివరికి నాన్నగారు. మీరు ఈ విషయాన్ని ‘నాన్నకు సినిమా ఇష్టం లేదు’ అని రాశారు. నాకలా అనిపించలేదు. ఇన్నాళ్లూ మీరిద్దరూ కలిసి ఊరికి ఒక కథ చెప్పారు: అబ్బాయి డెయిరీలో డాక్టరు. ఆ కథ నిలబడింది, ఎందుకంటే అక్కడికి వచ్చి చూసినవాళ్లు లేరు. ఇప్పుడు సిరీస్‌లో మీరు ముద్రలు వేస్తూ, లారీల్లోకి పశువుల్ని ఎక్కిస్తూ కనిపిస్తారు. అది ఏదో ఒక యాప్‌లో మన దగ్గరా వస్తుంది. రాకపోయినా ఎవరో చుట్టం అరనిమిషం క్లిప్పు వాట్సాప్ గ్రూపులో పెడతాడు. నాన్నగారు భయపడుతున్నది వేషానికి కాదు, ఆ క్లిప్పుకు. అందులోనూ ముఖ్యంగా, అది మీ అమ్మగారి కంట పడే క్షణానికి. ‘వేషాలు’ అన్న మాట వెనక ఆయన దాచుకున్నది అదే అనుకుంటున్నాను.

అలాగైతే మీరు వేషం మానేసినా ఈ సమస్య తీరదు, వాయిదా పడుతుంది. రేపు అమ్మగారే మీ దగ్గరికి వచ్చి రెండు నెలలుంటే ఏం చేస్తారు? పాలు పితికే షెడ్డు ఎక్కడని అడిగితే?

ఇక్కడ చెయ్యగలిగినవి చెబుతాను, ఏది మీ ఇంటికి సరిపడుతుందో మీరే చూసుకోవాలి. షో రాకముందే అమ్మగారికి మీ నోటితో చెప్పడం మొదటిది. బాధపడతారు. కొన్నాళ్లు మాట్లాడకపోవచ్చు. కానీ కొడుకు చెప్పగా విన్న బాధ వేరు, పక్కింటివాళ్ల ఫోన్‌లో చూసిన బాధ వేరు. రెండోది, ఏమీ చెప్పకుండా చేసేసి, తెలిసినప్పుడు చూసుకుందాం అనుకోవడం. చాలామంది చేసేది ఇదే. అప్పుడు ఆ భారమంతా మీరు కాకుండా నాన్నగారు మొయ్యాలి, అక్కడ ఇంట్లో ఉండేది ఆయన. మూడోది, ఈ కారణంగానే వేషం వద్దనుకోవడం. దాన్ని కూడా నేను తప్పుపట్టను. అయితే అప్పుడు ‘ఓనరు ఒప్పుకోలేదు’, ‘నటన రాలేదు’ అని సాకులు వెతుక్కోకండి. అమ్మ కోసం మానేశానని మీకు మీరైనా నిజం చెప్పుకోండి. లేకపోతే ఆ కోపం ఏదో ఒక రోజు మీ ఆవిడ మీద తిరుగుతుంది.

నాన్నగారితో మాట్లాడేటప్పుడు సినిమా ఊసు ఎత్తకండి. పశువుల గురించి మాట్లాడండి. తొలిచూలు పెయ్య గురించి, గడ్డిపరక గురించి చెప్పండి. ఆయన జీవితమంతా పశువుల మధ్య గడిపిన మనిషి. సంతలో అమ్మిన ముసలి ఎడ్లు ఎక్కడికి పోతాయో ఆయనకు తెలియనిది కాదు. దాన్ని వాదనకు వాడుకోకండి, గెలిచినా ఓడినట్టే. ఆయనకు తెలుసని మీకూ తెలిస్తే చాలు, మాట గొంతు పెంచకుండా నడుస్తుంది. స్లిమ్ పికెన్స్ అనే నటుడున్నాడు. కుర్రతనంలో రోడియోకు వెళ్లడం తండ్రికి ఇష్టం లేక, తెలియకూడదని దొంగపేరుతో పోటీకి దిగాడు. ఆ దొంగపేరే ఆయనకు జీవితాంతం అతుక్కుంది. అసలు పేరు లూయిస్ లిండ్లీ అంటే ఎవరికీ తెలియదు. ఆ రోజుల్లో అది సాగింది. టీవీలో మొహం కనిపించే చోట పేరు మార్చుకుని ఏం లాభం?

మీ ఆవిడ గురించి ఒక్క వాక్యమే రాశారు, “తను ఏదైనా సరే అంటోంది గానీ దెబ్బలు తగిలితే ఊరుకోనంటోంది” అని. ఎమర్జెన్సీలో పనిచేసే నర్సు ఆ మాట అన్నదంటే ఏవో చూసే అని ఉంటుంది. బ్రేడీ జాండ్రో అనే లకోటా తెగ (అమెరికా ఆదివాసుల్లో ఒకటి) కుర్రాడు 2016లో రోడియోలో గుర్రం గిట్ట తగిలి పుర్రె చిట్లి, ప్రాణం మీదికి తెచ్చుకున్నాడు. ఆ గాయం కథనే తర్వాత అతను, అతని నాన్న, చెల్లెలు కలిసి క్లోయీ జావ్ తీసిన ‘ద రైడర్’లో నటించారు. గుర్రాన్ని మచ్చిక చేసే సీన్లలో అతన్ని చూడండి, మీ దూడ సీను గుర్తొస్తుంది. ఆ సినిమా మీ ఆవిడతో కలిసి చూడండి. తర్వాత ఆమె ఏమంటుందో వినండి. స్టంట్ షరతు అగ్రిమెంట్‌లో ఉందా లేదా అని ముందు ఆమెకు చూపించాకే సంతకం పెట్టండి.

జవాబు చెప్పడానికి నెలాఖరు దాకా గడువుందన్నారు. వరస ఇలా పెట్టుకోండి. ముందు స్టంట్ విషయం, షూటింగ్ తేదీల విషయం రాతపూర్వకంగా అడగండి. వాళ్ల జవాబు వచ్చేలోపు ఓనరు దగ్గరికి మీ బదులు మనిషి పేరుతో వెళ్లండి, ఖాళీ చేతులతో కాదు. స్క్రిప్టు గురించి రచయితలకు రాయండి. ఈ మూడింటిలో రెండు మీకు అనుకూలంగా వస్తే అమ్మగారికి ఫోన్ చెయ్యండి. అయితే దానికంటే ముందు రోజు నాన్నగారికి చేసి, చెప్పబోతున్నానని చెప్పండి. ఆయన మళ్లీ ఫోన్ పెట్టేస్తే, సాయంత్రం ఇంకోసారి చెయ్యండి.